మొదటి పదేళ్ల పొట్టి సినిమాలు బోర్ కొట్టాయన్న మిత్రుడికి నా జవాబు

మీరు అడిగింది ఇదీ. ఫిల్మ్ కోర్సులో చేరేముందు చరిత్ర తెలుసుకుందామని యూట్యూబ్‌లో లూమియేర్ సోదరులవి, మెలియేవి, ఎడ్విన్ పోర్టర్‌వి ఓ ముప్పై దాకా చూశారు. రైలొస్తుంది, ఫ్యాక్టరీలోంచి జనం బయటికొస్తారు, చంద్రుడి కంట్లో గుండు దిగుతుంది, అయిపోయింది. కథ లేదు, కెమెరా కదలదు. అమెరికన్ దర్శకుడు గ్రిఫిత్ వచ్చి ఎడిటింగ్ కనిపెట్టేదాకా ఇదంతా ప్రాక్టీసే కదా, మరి చరిత్రలో వీటికి అంత చోటెందుకు అన్నారు.

నేను ప్రొజెక్టర్ పక్కన నిలబడి నేర్చుకున్నవాణ్ణి అండి. తెనాలి వైపు ఒక చిన్న ఫిల్మ్ సొసైటీలో 20 ఏళ్ల పైన 16 ఎంఎం ఆపరేటర్ పని చేశాను, పుణె ఫిల్మ్ ఆర్కైవ్ నుంచి వచ్చే డబ్బాలు రైలు దగ్గర దించుకోవడం, ప్రింటు ఎక్కడ చిరిగిందో చూసి అతికించడం, వేయడం, మళ్ళీ చుట్టి పంపడం, ఇదీ నా పని. ఈ పాత పొట్టి సినిమాలు ఎన్నిసార్లు వేశానో లెక్కలేదు, మీరడిగిన మాటే మా హాల్లో కూడా ఎవరో ఒకరు అనేవాళ్లు. ఇన్నేళ్లకి నాకు అర్థమైంది ఒక్కటే, ఆ సినిమాల్లో ఫిల్మ్ మీద ఉన్నది సగమే. మిగతా సగం వేసేవాడి చేతుల్లోనూ పక్కన నిలబడి చెప్పేవాడి నోట్లోనూ ఉండేది. మీరు చూసింది ఆ మొదటి సగం, అది కూడా బహుశా తప్పు స్పీడులో.

స్పీడు సంగతి ముందు తేల్చేద్దాం. లూమియేర్ కెమెరాని చేత్తో తిప్పేవాళ్లు, సెకనుకి సుమారు 16 ఫ్రేములు. దాన్ని తెచ్చి 24 ఫ్రేముల్లో వేస్తే మనుషులు కీ ఇచ్చిన బొమ్మల్లా టకటకా నడుస్తారు, మూకీ సినిమా అంటే ఇంతే అనుకుంటాం. మా ప్రొజెక్టర్ మీద సైలెంట్ అని ఒక స్విచ్ ఉండేది, అది నొక్కగానే తెరమీద మనుషులకి ఒంట్లోకి బరువొచ్చినట్టు ఉండేది, నడక నడకలా కనిపించేది. మీకు ఆ స్విచ్ లేదు గానీ వీడియో స్పీడ్ 0.75 పెట్టి చూడండి, తేడా మీకే తెలుస్తుంది. ఇంకొకటి, 2020 నుంచి ఆ రైలు సినిమాని ఏఐతో 4కె, 60 ఫ్రేములు అని పెడుతున్నారు, దయచేసి దాన్ని చూసి ఒరిజినల్ ఇలాగే ఉంటుంది అనుకోకండి. సెకనుకి 16 బొమ్మలున్న చోట మిగతా 44 కంప్యూటర్ ఊహించి గీసినవే, అప్పట్లో ఏ కెమెరా ముందూ లేనివి.

ఇప్పుడు అసలు విషయానికొద్దాం. నా చిన్నప్పుడు తిరణాల్లో ఒకాయన పెట్టె భుజాన వేసుకొచ్చేవాడు, గుండ్రటి అద్దాల కన్నాల్లో కళ్లు పెట్టి చూస్తే లోపల బొమ్మలు మారుతుంటాయి, బయట ఆయన "కాశీపట్నం చూడర బాబూ" అని రాగం తీసి చెప్తుంటాడు. ఎడిసన్ యంత్రాలతో హాలండ్ సోదరులు 1894 ఏప్రిల్ 14న న్యూయార్క్ బ్రాడ్‌వేలో తెరిచిన కైనెటోస్కోప్ కొట్టు కూడా దాదాపు అదే పద్ధతి. పది పెట్టెలు, ఒక్కో పెట్టెలో ఓ 20 సెకన్ల బొమ్మ, కన్నంలో కళ్లు పెట్టి ఒక్కరే చూడాలి, ఐదు పెట్టెలకి 25 సెంట్లు. కండలు చూపించే పహిల్వాను, కోడిపందెం, కమ్మరి కొలిమి, ఇలాంటివి. ఎడిసన్ పేరు పెద్దది కాబట్టి అంతా ఆయనే చేశాడనుకుంటారు, నిజానికి ఆ కెమెరా పని ఎక్కువగా డిక్సన్ అనే ఉద్యోగి చేసిందే, 35 ఎంఎం వెడల్పు, ఫ్రేముకి అటూ ఇటూ నాలుగేసి కన్నాలు అన్న లెక్క ఆయన దగ్గర్నుంచి వచ్చి వందేళ్లకు పైగా అలాగే నడిచింది.

లూమియేర్ సోదరులు చేసింది ఆ పెట్టెలో బొమ్మని గోడమీదికి తేవడం. వాళ్ల యంత్రం ఒక్కటే కెమెరా, అదే ప్రింటర్, అదే ప్రొజెక్టర్, చేత్తో మోసుకుపోయేంత బరువు, కరెంటు లేకపోయినా తీయొచ్చు. ఉదయం ఊళ్లో బజారు తీసి, కడిగి, సాయంత్రం అదే ఊరి జనానికి చూపించొచ్చు, ఆలోచించండి అప్పుడు అదెంత పెద్ద విషయమో. 1895 డిసెంబర్ 28న పారిస్‌లో గ్రాండ్ కెఫే కింది గదిలో టికెట్ ఒక ఫ్రాంకు పెట్టి వేశారు, ఆ మొదటిరోజు టికెట్ కొన్నవాళ్లు 33 మంది, వేసిన సినిమాలు పది, ఒక్కోటి 17 మీటర్ల ఫిల్మ్, 50 సెకన్లు. ఏడు నెలలు తిరక్కుండా 1896 జూలై 7న బొంబాయిలో వాట్సన్ హోటల్లో అదే షో, టికెట్ రూపాయి. ఆస్ట్రేలియా వెళ్తున్న లూమియేర్ మనిషి మారియస్ సెస్టియే దారిలో దిగి వేశాడు. అదే నెలలో రష్యాలో మాక్సిం గోర్కీ ఈ సినిమాలు చూసి అదేదో రంగూ శబ్దం లేని నీడల లోకంలా ఉందని భయంగా రాశాడు. ఒకే నెలలో ఇటు బొంబాయి, అటు రష్యా. అంత వేగంగా ప్రపంచం చుట్టిన కళ అంతకుముందు ఇంకోటి నాకు తెలీదు.

ఫ్యాక్టరీ సినిమాలో ఏమీ లేదు అన్నారు. అది ఒకటి కాదు, మూడు సార్లు తీశారు. ఒకదాన్లో బండికి ఒక గుర్రం, ఒకదాన్లో రెండు, ఒకదాన్లో బండే లేదు, చరిత్రకారులు వాటిని ఆ గుర్రాల లెక్కతోనే గుర్తుపడతారు. అంటే మొదటిది సరిగ్గా రాలేదనిపించి మళ్ళీ తీశారు, ఆ 17 మీటర్లు అయిపోయేలోపు గేటు తెరిచి జనమంతా బయటపడాలని చూసుకున్నారు. ఇంక దాన్ని డైరెక్షన్ అనకపోతే ఏమంటాం? రైలు సినిమా కూడా అంతే, కెమెరాని ప్లాట్‌ఫాం అంచున ఐమూలగా పెట్టడం వల్ల ఒకే షాట్‌లో దూరంగా చుక్కలా ఉన్న ఇంజను పెద్దదై పక్కనుంచి పోతుంది, తర్వాత దిగిన మనుషులు కెమెరా దగ్గరికొచ్చి క్లోజప్ అంతవుతారు. కెమెరా కదల్లేదు, నిజమే, కానీ ఫ్రేములో లాంగ్ షాట్, మిడ్ షాట్, క్లోజ్ మూడూ వచ్చేశాయి.

ఆ రైలుని చూసి జనం కుర్చీలు తోసుకుంటూ పారిపోయారన్న కథ మీరూ వినే ఉంటారు. అసలు ఆ మొదటి రోజు పది సినిమాల్లో రైలే లేదు, తర్వాత నెలలో చేరింది. జనం పరుగులు తీశారని చెప్పడానికి అప్పటి పత్రికల్లో గానీ పోలీసు కాగితాల్లో గానీ ఆధారం దొరకలేదని జర్మన్ పరిశోధకుడు మార్టిన్ లోయ్‌పెర్డింగర్ వివరంగా రాశాడు. మరి కథ ఎక్కడ్నుంచి వచ్చింది అంటే, 1901లోనే ఇంగ్లండ్‌లో రాబర్ట్ పాల్ ఒక పొట్టి సినిమా తీశాడు, పల్లెటూరి మనిషి తెరమీద రైలుని చూసి హడలిపోవడం మీద. మరుసటేడు పోర్టర్ దాన్నే అమెరికాలో మళ్ళీ తీశాడు. అంటే పట్నంవాళ్లు పల్లెవాళ్లని ఎగతాళి చేసే జోకు మెల్లమెల్లగా చరిత్ర అయి కూర్చుంది. మన వైపు కూడా టూరింగ్ టాకీసు కొత్తల్లో ఫలానా ఊరివాళ్లు తెర వెనక్కి వెళ్లి మనుషుల కోసం వెతికారట అని పక్క ఊరివాళ్లు చెప్పుకునేవాళ్లు, ఎప్పుడూ పక్క ఊరే. నాకు ఈ కథ అంటే మంట, ఎందుకంటే అది మొదటి ప్రేక్షకుల్ని తెలివితక్కువవాళ్లని చేస్తుంది. వాళ్లకి మ్యాజిక్ లాంతరు స్లైడ్లు తెలుసు, అది బొమ్మ అని తెలుసు, తెలిసీ ఆశ్చర్యపోయారు. బేబీకి అన్నం తినిపించే సినిమాలో వెనకాల చెట్టు ఆకులు కదలడం చూసి మురిసిపోయారట, స్టేజీ పరదా మీద చెట్టు ఎప్పుడూ కదలదు కదా మరి.

వేసేవాడి చేతిలో సగం అన్నాను కదా, అది చెప్తాను. అప్పట్లో సినిమాని అద్దెకి ఇచ్చేవాళ్లు కాదు, గుడ్డ అమ్మినట్టు మీటర్ల లెక్కన అమ్మేవాళ్లు. కొన్నవాడిదే ఆ ప్రింటు, ఏది ముందు ఏది వెనక అన్నది అతని ఇష్టం, మధ్యలో స్లైడ్లు వేస్తాడు, ఫిడేలు వాయిస్తాడు, మనిషిని పెట్టి కథ చెప్పిస్తాడు. గోడ కూల్చే లూమియేర్ సినిమా ఒకటుంది, దాన్ని వెనక్కి తిప్పి వేసేవాళ్లు, కూలిన గోడ దుమ్ములోంచి లేచి నిలబడేది. ఆ ట్రిక్కు పుట్టిందే ప్రొజెక్టర్ దగ్గర. ఏసుక్రీస్తు కథని సీన్ల వారీగా విడివిడిగా అమ్మేవాళ్లు, ఎన్ని సీన్లకి డబ్బుంటే అంత కథ. అలాంటి క్రీస్తు సినిమాతోనే తిరుచ్చిలో రైల్వే ఉద్యోగం చేసే స్వామికణ్ణు విన్సెంట్ 1905లో ఫ్రెంచివాడి దగ్గర యంత్రం కొని డేరా వేసుకుని దక్షిణాది అంతా తిరిగాడు. 1903లో పోర్టర్ తీసిన ది గ్రేట్ ట్రెయిన్ రాబరీలో దొంగ మన వైపు తుపాకి పేల్చే షాట్ ఉంది చూశారా, దాన్ని మొదట్లో పెట్టుకోండి, చివర్లో పెట్టుకోండి, మీ ఇష్టం అని ఎడిసన్ కంపెనీ క్యాటలాగులోనే ఉంది. ఫైనల్ కట్ ఆపరేటర్ చేతికి ఇచ్చేశారన్నమాట. పోర్టర్ కూడా డైరెక్టర్ కాకముందు ఊళ్లు తిరిగి సినిమాలు వేసినవాడే, న్యూయార్క్‌లో ఈడెన్ మ్యూజీలో ఆపరేటరు. మాకు ఆయనంటే ప్రత్యేకమైన అభిమానం అందుకే.

మెలియే సంగతి. ఆయన ఇంద్రజాలికుడు, పారిస్‌లో సొంత మ్యాజిక్ థియేటర్ ఉండేది, 1897లో మోంత్రెయ్‌లో గాజు స్టూడియో కట్టి 500 పైచిలుకు సినిమాలు తీశాడు. చంద్రుడి సినిమా 1902ది, సరైన స్పీడులో ఓ 14 నిమిషాలు. దాన్లో ఒక్క టైటిల్ కార్డు కూడా లేదు గమనించారా? ఎందుకంటే పక్కన నిలబడి చెప్పడానికి వ్యాఖ్యానం ఆయనే రాశాడు. మేం మొదటిసారి ఒక స్కూల్లో దాన్ని ఊరికే వేస్తే పిల్లలు పదో నిమిషానికి కబుర్లలో పడ్డారు. తర్వాతేడు మా ఊళ్లో హరికథలు చెప్పే ఒక రిటైర్డ్ మాస్టారుని బతిమాలి తెర పక్కన నిలబెట్టాం, ఆయన చంద్రలోకం రాజుకి ఒక గొంతు, పండితులకి ఒక గొంతు పెట్టి చెప్తుంటే, దెబ్బకి ఒక్కొక్క చంద్రలోకవాసి పొగై పోతుంటే పిల్లలు బెంచీలెక్కారు, మళ్ళీ వెయ్యమని గోల. అదే ప్రింటు, అదే తెర. తోలుబొమ్మలాట చూసిన మనకి ఇది కొత్త కాదు, బొమ్మ ఒకచోట, గొంతు ఒకచోట. ఇంకో మాట, ఈ సినిమా బ్లాక్ అండ్ వైట్ మాత్రమే అనుకోకండి, ఎలిజబెత్ తూలియే వర్క్‌షాప్‌లో ఆడవాళ్లు వరసగా కూర్చుని ఒక్కొక్కరు ఒక్కో రంగు చొప్పున ఫ్రేము ఫ్రేముకీ కుంచెతో అద్దిన ప్రింట్లు ఉండేవి. అలాంటిది ఒకటి 1993లో బార్సిలోనాలో గడ్డకట్టిన స్థితిలో దొరికితే ఏళ్ల తరబడి విడదీసి బాగుచేసి 2011లో కాన్స్‌లో వేశారు. మెలియే మాత్రం దివాలా తీసి, 1923లో తన నెగటివ్‌లు తానే తగలబెట్టేసి, మోంపర్నాస్ రైల్వే స్టేషన్లో బొమ్మల కొట్టు పెట్టుకున్నాడు. ఇది చెప్పినప్పుడల్లా నాకు గొంతు పట్టేస్తుంది.

ఇక గ్రిఫిత్ ఎడిటింగ్ కనిపెట్టాడన్న మాట. ఆయన గొప్పవాడే, 1908 నుంచి 1913 దాకా బయోగ్రాఫ్ కంపెనీకి 450 దాకా పొట్టి సినిమాలు తీసి చెయ్యి తిరిగినవాడు. కానీ క్లోజప్పులు, అటూ ఇటూ కట్ చేయడం తనవే అన్నట్టు 1913 డిసెంబర్‌లో పత్రికలో ప్రకటన వేయించుకుంది ఆయనే, తర్వాతివాళ్లు దాన్నే పుస్తకాల్లోకి ఎక్కించారు. ఇంగ్లండ్‌లో బ్రైటన్ పక్కన జి.ఎ. స్మిత్ 1900లోనే బామ్మ భూతద్దంలోంచి పిల్లాడు చూసే గడియారం, పిట్ట, బామ్మ కన్ను అన్నీ విడివిడి క్లోజప్పుల్లో పెట్టేశాడు. ఆయన పొరుగునే ఉండే జేమ్స్ విలియంసన్ 1901లో తీసిన సినిమాలో ఒకాయన ఫొటో తీయొద్దని అరుస్తూ కెమెరా మీదికి వచ్చి నోరు తెరిచి కెమెరానీ కెమెరామన్‌నీ మింగేస్తాడు, నవ్వుతూ నములుతూ వెనక్కెళ్తాడు. నిమిషం సినిమా అండి. సెసిల్ హెప్‌వర్త్ 1905లో తన భార్య, పాప, పెంపుడు కుక్కలతో ఏడు పౌండ్ల చిల్లర ఖర్చుతో తీసిన కుక్క సినిమా చూడండి, పాపని ఎత్తుకుపోతే కుక్క వీధి దాటి, ఏరు ఈది వెళ్లి కనిపెట్టి, వెనక్కొచ్చి యజమానిని తీసుకెళ్తుంది. అది ఏ దిక్కుకి పరిగెడుతోందో ఒక్క క్షణం కూడా మనకి అనుమానం రాదు, ఎడిటింగ్ క్లాసులో ఇప్పటికీ ఇదే కదా చెప్తారు. అది ఎంత అమ్ముడుపోయిందంటే ప్రింట్లు తీసీ తీసీ నెగటివ్ అరిగిపోయి మొత్తం సినిమా రెండుసార్లు మళ్ళీ తీశారు.

విలియంసన్, హెప్‌వర్త్, ఈ ఇద్దరి పేర్లు గుర్తుపెట్టుకోండి. 1912లో మన దాదాసాహెబ్ ఫాల్కే సినిమా నేర్చుకోవడానికి లండన్ వెళ్లినప్పుడు పని చూపించింది ఈ హెప్‌వర్తే, కొనుక్కొచ్చింది విలియంసన్ కెమెరా. రాగానే పెట్టుబడి కోసం ఆయన తీసిందీ పొట్టి సినిమాయే, బఠాణీ గింజ మొలకెత్తి మొక్క అవడం, కొద్దికొద్దిగా ఫ్రేములు తీస్తూ రోజుల తరబడి. అది చూపించి డబ్బు పుట్టించి 1913లో రాజా హరిశ్చంద్ర విడుదల చేశాడు.

నాకు అన్నిటికంటే ముఖ్యమైన ఉదాహరణ పోర్టర్ 1903 అగ్నిమాపక దళం సినిమా. ఇల్లు అంటుకుంది, పై అంతస్తులో తల్లీ బిడ్డా. చివర్లో రక్షించే ఘట్టం. చాలా ఏళ్లపాటు ఒక ప్రింటులో ఇది లోపల, బయట, లోపల, బయట అని మార్చి మార్చి కట్ చేసి ఉండేది, దాన్ని చూసి 1903లోనే పోర్టర్ క్రాస్ కటింగ్ కనిపెట్టాడని పాఠ్యపుస్తకాలు రాసుకున్నాయి. ఇంతలో ఇంకో ప్రింటు బయటపడింది, అది ఎలా మిగిలిందో కూడా చెప్పాలి. 1912 దాకా అమెరికా కాపీరైట్ చట్టంలో సినిమా అన్న మాటే లేదు, ఫొటోలకి మాత్రమే హక్కు. అందుకని కంపెనీలు సినిమాని పొడుగాటి కాగితం చుట్టల మీద ఫొటోలుగా ప్రింటు వేసి లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో జమ చేసేవి. అప్పటి ఫిల్మ్ నైట్రేట్ అనే పదార్థంతో చేసింది, అంటుకుంటే ఆరదు, లేదంటే పొడై పోతుంది, కాగితం మాత్రం గోదాంలో పడి ఉండిపోయింది. సుమారు 3,000 సినిమాలు అలా బతికాయి, 1950ల నుంచి కెంప్ నైవర్ అనే ఆయన ఆ కాగితాల్ని ఫ్రేము ఫ్రేముకీ మళ్ళీ ఫిల్మ్ మీదికి ఎక్కించాడు, దానికి ప్రత్యేక ఆస్కార్ ఇచ్చారు.

ఆ కాగితం ప్రింటులో ఏముందంటే, తల్లీ బిడ్డల్ని రక్షించడం మొత్తం ముందు గది లోపలి నుంచి చూపిస్తారు, మొదటి నుంచి చివరిదాకా. అది అయ్యాక అదే ఘట్టం మొత్తం బయటి నుంచి మళ్ళీ. అంటే క్రాస్ కటింగ్ ప్రింటు తర్వాత ఎవరో తమ కాలం అలవాటు ప్రకారం "సరిచేసింది". ఒరిజినల్ చూసి మా సొసైటీ కుర్రాళ్లు పోర్టర్‌కి ఎడిటింగ్ రాలేదు అనేవాళ్లు. నేను వాళ్లని అడిగేవాణ్ణి, మన మాస్ సినిమాలో హీరో తలుపు తన్నితే ఆ తన్ను మూడు యాంగిల్స్‌లో మూడుసార్లు పడుతుంది, మీరు విజిల్ వేస్తారు గానీ ఒకే తలుపు మూడుసార్లు ఎలా విరిగింది అని అడగరు కదా. మన కథ చెప్పేవాళ్లు కూడా ఒకచోటి సంగతి పూర్తిగా ముగించి, "ఇది ఇలా ఉండగా అక్కడ..." అని కాలాన్ని వెనక్కి తిప్పి రెండో చోటు మొదలెడతారు. 1903 ప్రేక్షకుడికి అది తప్పు కాదు, ఒక జాగాలో జరిగింది పూర్తిగా చూసి, ఇంకో జాగాలోంచి పూర్తిగా చూశాడు. మనం చూసే పద్ధతి ఒక్కటే సహజం, మిగతావి ప్రాక్టీసు అనుకోవడమే మీ ప్రశ్నలో ఉన్న చిక్కు. 1978లో బ్రైటన్‌లోనే ఆర్కైవుల సంఘం సభ పెట్టి 1900–1906 మధ్య సినిమాలు వందల కొద్దీ వరసగా వేశాక చరిత్రకారులే మనసు మార్చుకున్నారు, అది అసంపూర్తి కథా సినిమా కాదు, ప్రేక్షకుడికి ఏదైనా చూపించి అబ్బురపరిచే వేరే రకం ప్రదర్శన అని టామ్ గన్నింగ్ లాంటివాళ్లు రాశారు. ఫోన్లో 30 సెకన్ల రీల్స్ చూసేవాళ్లకి అది ఇప్పుడు ఇంకా బాగా అర్థం కావాలి.

మన దగ్గర ఈ సంగతి తెలిసిన మనిషి రఘుపతి వెంకయ్య. మచిలీపట్నం వాడు, మద్రాసులో ఫొటో స్టూడియో, 1910 ప్రాంతంలో గోమోంట్ కంపెనీ క్రోనోమెగాఫోన్ తెప్పించాడు, అంటే బొమ్మతో పాటు గ్రామఫోన్ ప్లేటు తిరిగి పాట వినిపించే యంత్రం. ఆ రకం పాటల పొట్టి సినిమాలు పారిస్‌లో అదే కంపెనీకి వందకు పైగా తీసింది ఆలిస్ గీ అనే ఆవిడ, ప్రపంచంలో మొదటి మహిళా దర్శకురాలు. వెంకయ్య విక్టోరియా పబ్లిక్ హాల్లో వేశాడు, బర్మా, సిలోన్ తిరిగి వేశాడు, తర్వాత మద్రాసులో గెయిటీ థియేటర్ కట్టాడు. కొడుకు ప్రకాశ్‌తో కలిసి 1921లో భీష్మ ప్రతిజ్ఞ తీశాడు. తెలుగు సినిమాకి పితామహుడు అంటాం, ఆయన మొదలెట్టింది పొట్టి సినిమాలు వేసే ఆపరేటర్‌గా అన్నది ఎవరూ చెప్పరు. భీష్మ ప్రతిజ్ఞ ప్రింటు ఒక్క అడుగు కూడా ఇవాళ లేదు, మన దగ్గర కాగితం మీద జమ చేసుకునే ఏర్పాటు లేకపోయింది.

సరే, మళ్ళీ చూడండి, ఈసారి ముప్పై వద్దు, ఆరు చాలు. గుర్రమున్న ఫ్యాక్టరీ, రైలు, బామ్మ భూతద్దం, కెమెరా మింగే మనిషి, అగ్నిమాపక దళం కాగితం ప్రింటు వెర్షన్, హెప్‌వర్త్ కుక్క. వీడియోకి ఎవరో తగిలించిన పియానో మ్యూజిక్ మ్యూట్ చేయండి, స్పీడ్ తగ్గించండి, ఫోన్లో వద్దు, గోడమీదో టీవీలోనో వేయండి, ఇంట్లో పిల్లలో అమ్మమ్మో ఉంటే పక్కన కూర్చోబెట్టుకుని ఏం జరుగుతోందో మీరే నోటితో చెప్పండి. వరస మీ ఇష్టం, నేనైతే కుక్కని చివర్లో పెడతాను.